బాతుకు గొంతిచ్చిన పుష్పవల్లి

మలేషియాలోని ఇపో ఊళ్ళో ఒకప్పుడు పెద్ద దుకాణానికి వెళ్ళినవాళ్ళందరూ పుష్పవల్లి గొంతు విన్నవాళ్ళే. ముఖం చూసినవాళ్ళు తక్కువ. మూడంతస్తుల ఆ దుకాణంలో, మెట్ల కిందున్న చిన్న గాజు గదిలో కూర్చుని ఆమె మైకులో చెబుతూ ఉండేది. ఫలానా రంగు చొక్కా వేసుకున్న పిల్లాడు తప్పిపోయి ఇక్కడ ఉన్నాడని, ఎవరిదో కారు దారికి అడ్డంగా ఉందని, దుకాణం మూసే వేళ అయిందని. ముందు మలయ్‌లో, తరవాత ఇంగ్లీషులో, ఆఖరున తమిళంలో. తెలుగులో చెప్పాల్సిన అవసరం ఆ దుకాణానికి ఎప్పుడూ రాలేదు.

తెలుగు ఆమెకు ఇంట్లో మాట. తల్లి ఎర్రమ్మ సుంగై సిపుట్ దగ్గర రబ్బరు తోటలో చెట్లకు గీత పెట్టి పాలు తీసిన మనిషి. ఎర్రమ్మ తాతలు శ్రీకాకుళం వైపు నుంచి ఓడెక్కి వచ్చి ఆ తోటలో దిగారు. వాళ్ళ మాట వాళ్ళతోనే వచ్చింది, అక్కడి తమిళాన్నీ మలయ్‌నీ కొంచెం కొంచెం కలుపుకుంటూ ఎర్రమ్మ దాకా నడిచింది. రబ్బరు కొట్టేసి ఆయిల్ పామ్ వేసిన ఏడాది ఎర్రమ్మ కూతురింటికి వచ్చేసింది. అల్లుడు నాగప్పన్ బస్సు డ్రైవరు, తమిళం మనిషి. పుష్పవల్లి దుకాణానికీ, అతను బస్సుకీ వెళ్ళిపోతే, మనవరాలు తర్షిణి రోజంతా అమ్మమ్మ దగ్గరే. అలా ఆ పిల్లకు మొదట వచ్చిన మాటలు ఎర్రమ్మ మాటలు.

తొంభైల చివర్లో ఒకరోజు శ్రీకుమార్ అనే కుర్ర ఇంజనీరు ఆ గాజు గది తలుపు కొట్టాడు.

"అక్కా, మైకులో మాటాడేది మీరేనా?" అని అడిగాడు. వాళ్ళమ్మ కూడా తెలుగు మనిషేనట. ఇద్దరు స్నేహితులతో కలిసి కంప్యూటరులో పిల్లలకు చదువు నేర్పే ఆటలు చేస్తున్నాడు. బొమ్మలున్నాయి, పాటలున్నాయి, గొంతు లేదు.

వాళ్ళ ఆఫీసు ఒక చైనా వాళ్ళ కాఫీ కొట్టు మీద గది. రికార్డింగు కోసం సామాన్ల కొట్టు ఖాళీ చేసి, తలుపుకు లోపలి నుంచి పరుపు ఆనించారు. కింద వీధిలో లారీ పోతే ఆగాలి. పోయాక మళ్ళీ మొదలుపెట్టాలి. పుష్పవల్లి దుకాణం నుంచి అటే వెళ్ళి మలయ్‌లో అంకెలు చెప్పింది, తమిళంలో అక్షరాలు చెప్పింది. ఆ డిస్కులు బడులకు వెళ్ళాయి. ఎక్కడో తెలియని పిల్లలు తన గొంతు విని ఒకటి, రెండు నేర్చుకుంటున్నారంటే ఆమెకు నమ్మబుద్ధి అయ్యేది కాదు.

తరవాత ఊళ్ళోని తెలుగువాళ్ళు కొందరు మా పిల్లలకూ ఒకటి చెయ్యమని శ్రీకుమార్‌ను అడిగారు. ఆంధ్ర నుంచి తెప్పించిన వాచకం ఒకటి చేతికిచ్చారు. ఆట తేలికే. తెర మీద నాలుగు బొమ్మలుంటాయి. చిలక ఒక మాట చెబుతుంది, పిల్లలు ఆ బొమ్మ నొక్కాలి. సరిగ్గా నొక్కితే చిలక రెక్కలు కొట్టుకుంటుంది. తప్పు నొక్కితే "ట్యాఁ" అని మోత వస్తుంది.

"తప్పు నొక్కినపుడు సప్పగా ఉందక్కా," అన్నాడు శ్రీకుమార్. "పిల్లలు నవ్వాల. ఒక తిక్క మనిషి గొంతు ఏదైనా పెడదాం." బొమ్మలు వేసే అతను అప్పటికప్పుడు ఒక బాతును గీసి చూపించాడు. పెద్ద పొట్ట, వంకర నడక.

పుష్పవల్లి ఆ సాయంత్రం చిలక మాటలన్నీ పుస్తకంలో ఉన్నట్టే చెప్పి అలిసిపోయి ఉంది. చేప, చెట్టు, చీమ, చెయ్యి. ఒక్కో "చ" దగ్గర నాలుక జాగ్రత్తగా పెట్టాల్సి వచ్చింది. బాతు బొమ్మ చూడగానే ఆ జాగ్రత్త వదిలేసింది. గొంతు కాస్త పీలగా చేసి, "ఏటి సేసినావే? ఇది సేప గదేటి. నానెరగననుకున్నావేటి?" అంది.

గది బయట ముగ్గురూ పగలబడి నవ్వారు. శ్రీకుమార్ పరుపు పక్కకు తోసి లోపలికి వచ్చి, "ఇదే అక్కా, ఇదే లా," అన్నాడు, మలేషియా వాళ్ళందరిలా మాట చివర "లా" తగిలించి.

అప్పటి దాకా ఆమె గొంతు విని ఎవరూ నవ్వలేదు. తప్పిపోయిన పిల్లల సంగతి, దుకాణం మూసే సంగతి చెప్పే గొంతు అది. ఆ నవ్వు ఆమెకు నచ్చింది. మిగతా బాతు మాటలన్నీ ఆ పూటే చెప్పేసింది. తడుముకోవాల్సిన పని లేకపోయింది. ఆటలో పిల్లలు తప్పు బొమ్మ నొక్కితే బాతు వంకరగా నడిచి వస్తుంది, ఆ బొమ్మ పేరు తన యాసలో చెబుతుంది, జారి బురదలో పడుతుంది, "ట్యాఁ" అని మోగుతుంది. అప్పుడు చిలక వచ్చి పుస్తకంలోని మాట చెబుతుంది.

ఎవరి గొంతు అనుకరిస్తున్నానో ఆ పూట ఆలోచించలేదని పుష్పవల్లి తరవాత చాలాసార్లు తనకు తాను చెప్పుకుంది. అది నిజం కాదు. "సీమ" అన్నప్పుడు, చీమల బారు మీద పసుపు చల్లుతున్న తల్లి చెయ్యి ఆమెకు కళ్ళకు కట్టినట్టు కనిపించింది. కనిపించినా ఆగలేదు.

ఆట తయారయ్యాక శ్రీకుమార్ ఆఫీసులో పక్కన పెట్టిన పాత కంప్యూటరు ఒకటి వాళ్ళింటికి తెచ్చి పెట్టాడు. తర్షిణి బడిలో చేరిన కొత్త. ఆదివారం పొద్దున్న కుర్చీ ఎక్కి ఆట మొదలుపెట్టింది. ఎర్రమ్మ వెనకాల చాప మీద కూర్చుని ఎండు నెత్తళ్ళ చేపల తలలు తుంచుతోంది. పుష్పవల్లి వంటింట్లో ఉంది.

బాతు మాట్లాడింది. పిల్ల వెనక్కి తిరిగి, "అమ్మమ్మా, ఈ బాతు నీలాగే అంటంది," అంది.

ఎర్రమ్మ చేతిలో పని ఆపి విన్నది. "నాలాగే ఉంది గదే," అని నవ్వింది. "ఇంకోపాలి నొక్కు."

అమ్మమ్మ నవ్వుతోందని పిల్ల కావాలనే తప్పు బొమ్మలు నొక్కుతూ పోయింది. బాతు పడుతోంది, ఇద్దరూ నవ్వుతున్నారు. పుష్పవల్లి చేతిలో గరిటెతో గుమ్మం దాకా వచ్చి, అక్కడే నిలబడిపోయింది.

ఆ రాత్రి భోజనాల దగ్గర ఎర్రమ్మ అడిగింది. "ఆ బాతు గొంతు ఎవులిదే?"

"కౌలాలంపూర్ నించి ఒకమ్మాయి ఒచ్చినాదమ్మా. పేరు నాకు తెలదు."

"బాగా సెప్పినాది," అని ఎర్రమ్మ అన్నం కలుపుకుంది.

ఆ తరవాత ఇంట్లో కొత్త ఆట మొదలైంది. "సేప తింతావేటి?" అని ఎర్రమ్మ అడిగితే తర్షిణి "ట్యాఁ" అనేది. "చేప, అమ్మమ్మా." ఎర్రమ్మ నవ్వి, "చే... ప" అనడానికి ప్రయత్నించేది. వస్తే పిల్ల చిలకలాగా చేతులు కొట్టుకునేది. పిల్లలో వెక్కిరింత లేదు, నేర్పుతున్నాననుకుంది.

ఒక మధ్యాహ్నం పుష్పవల్లి దుకాణం నుంచి తొందరగా వచ్చింది. తల్లి పెరట్లో కుళాయి దగ్గర గిన్నెలు తోముతోంది. తనలో తాను ఏదో అనుకుంటోంది. దగ్గరికి వెళ్తే వినిపించింది. "చెట్టు. చెట్టు. సెట్టు." ఆగి, తల విదిలించి, మళ్ళీ మొదటి నుంచి. "చెట్టు."

పుష్పవల్లి చెప్పులు చప్పుడు కాకుండా వెనక్కి వెళ్ళి, వీధి తలుపు గట్టిగా వేసి, అప్పుడే వచ్చినట్టు లోపలికి వచ్చింది.

ఆ వానాకాలంలోనే ఎర్రమ్మ మనవరాలిని తమిళంలో పిలవడం మొదలుపెట్టింది. "కణ్ణు, సాప్పిడ వా," అని అన్నానికి పిలిచింది. తోటలో పక్క వరస వాళ్ళ దగ్గర నేర్చుకున్న తమిళం అది, దాన్ని ఎవరూ తప్పు అనలేదు. కొన్నాళ్ళకు పిల్ల కూడా అమ్మమ్మను తమిళంలో పాట్టి అని పిలవసాగింది. తల దువ్వుతూ చెప్పే కథలు ఆగిపోయాయి. ఆ కథలు ఎర్రమ్మకు తమిళంలో రావు.

నాగప్పన్ ఒకరోజు భోజనం చేస్తూ అడిగాడు. "అత్త ఈ మధ్య పిల్లతో తెలుగు మాట్లాడటం లేదేం?"

ఎర్రమ్మ అప్పుడు గుడికి వెళ్ళింది. తర్షిణి కంచం ముందు కూర్చుని ఉంది. చెప్పాలంటే అదే సమయం. పుష్పవల్లి నోటి నుంచి మాత్రం ఇంకోటి వచ్చింది.

"మీ కూతుర్నే అడగండి. పొద్దస్తమానం ట్యాఁ ట్యాఁ అని యెక్కిరిస్తే ఆవిడేటి సేస్తది?"

పిల్ల తినడం ఆపేసింది. కళ్ళ నిండా నీళ్ళు తిరిగాయి కాని ఏడవలేదు. పుష్పవల్లి దాని కంచంలో ఇంకొంచెం రసం పోసింది. ఆ రోజు తరవాత తర్షిణి ఆ ఆట ముట్టుకోలేదు. తెలుగులో అడిగినా తమిళంలోనే బదులు చెప్పేది. పుష్పవల్లి కూడా ఇక బలవంతపెట్టలేదు. ఆ సంగతి ఎత్తితే మిగతాదంతా ఎత్తాల్సి వస్తుందని ఆమె భయం.

శ్రీకుమార్ కంపెనీ ఎక్కువ కాలం నిలవలేదు. ఇంటర్నెట్టు వచ్చింది, డిస్కులు కొనేవాళ్ళు లేకపోయారు. ఇంకో ఆటకు గొంతివ్వమని అతను అడిగినప్పుడు పుష్పవల్లి గొంతు బాగాలేదని చెప్పింది. మళ్ళీ అతను అడగలేదు.

తర్షిణి పెద్ద బడిలో ఉండగా ఎర్రమ్మ గుండె జబ్బుతో ఆస్పత్రిలో చేరింది. నర్సుతో తమిళం, మనవరాలితో తమిళం. కూతురితో మాత్రం నాలుగు తెలుగు ముక్కలు. చెప్పేద్దామని పుష్పవల్లి రోజూ అనుకునేది. మంచం పక్కన కూర్చోగానే మందుల గురించో, జావ గురించో మాట వచ్చేది. ఆఖరి రోజు ఎర్రమ్మ, "తెర లాగే, ఎండ కొడతంది," అంది. పుష్పవల్లి తెర లాగింది. ఆ సాయంత్రం తల్లి పోయింది.

ఏళ్ళు గడిచాయి. దుకాణం మూతపడింది. నాగప్పన్ బస్సు మానేసి ఇంటి పట్టున ఉంటున్నాడు. తర్షిణి రబ్బరు చేతి తొడుగుల ఫ్యాక్టరీ ఆఫీసులో పనిచేస్తూ, పెళ్ళి చేసుకుని ఊరికి ఆ చివర ఉంటోంది. ఆదివారాలు వచ్చి పోతుంది.

పోయిన ఏడాది అలాంటి ఒక ఆదివారమే కిషేన్ వచ్చాడు. ముప్పై ఏళ్ళవాడు, కంప్యూటర్లు బాగుచేసే కొట్టు ఉంది. పాత ఆటలు వెతికి, ఇప్పటి యంత్రాల మీద ఆడేలా చేసి ఇంటర్నెట్టులో పెట్టడం అతని సరదా. చిన్నప్పుడు గుడి హాలులో తెలుగు తరగతికి వెళ్ళి ఆడిన బాతు ఆట డిస్కు ఒకటి దొరికిందట. అట్ట మీద ఉన్న పేరు పట్టుకుని శ్రీకుమార్‌ను వెతికాడు. శ్రీకుమార్ ఇప్పుడు కౌలా సెలంగోర్‌లో పామ్ తోట చూసుకుంటున్నాడు. అతనే ఈ ఇంటి జాడ చెప్పాడు.

కిషేన్ బల్ల మీద లాప్‌టాప్ తెరిచాడు. తర్షిణి టీ కప్పులు తెచ్చి పెడుతోంది.

"ఆంటీ, చిలక మీరే, బాతూ మీరే అని శ్రీకుమార్ అంకుల్ చెప్పారు. నిజమేనా?" అని తమిళంలో అడిగాడు. "బాతు అంటే మా క్లాసు పిల్లలకు ప్రాణం. వచ్చే నెల మన తెలుగువాళ్ళ కూటం ఉంది. మీరు స్టేజీ మీద ఒక్కసారి బాతులా మాట్లాడితే చాలు."

అని మీట నొక్కాడు. "ఏటి సేసినావే? ఇది సేప గదేటి," అని బాతు అంది.

తర్షిణి చేతిలో కప్పు బల్ల మీద పెట్టేసింది. ఆమె కిషేన్ వైపు చూడలేదు, తల్లి వైపే చూసింది.

పుష్పవల్లి ఆలోచించి చెబుతానని కిషేన్‌ను పంపించింది. తలుపు వేసి వచ్చేసరికి తర్షిణి అక్కడే నిలబడి ఉంది.

"బాతు నువ్వా?" అని తమిళంలోనే అడిగింది.

"ఆమా, నేనే."

"మరి కౌలాలంపూర్ అమ్మాయి?"

"అలాంటి అమ్మాయి లేదే."

తర్షిణి కుర్చీలో కూలబడింది. "పాట్టి నా వల్ల మాట మానేసిందని చెప్పావు. నాకప్పుడు ఏడేళ్ళు కూడా లేవు. ఆవిడ పోయినప్పుడు కాళ్ళు పట్టుకుని మన్నించమని అడిగాను, నీకు తెలుసా? తెలుగు మాట నోటి దాకా వస్తే చాలు, మింగేసేదాన్ని. నేనే పాడు చేశాననుకున్నాను. ఇన్నేళ్ళూ చూస్తూ ఊరుకున్నావు."

పుష్పవల్లి ఏదో అనబోయింది. భయపడ్డానని, తెలియక అనేశానని. ఏది చెప్పినా తనను తాను కాపాడుకునే మాటే అవుతుందని ఊరుకుంది. తర్షిణి కారు తాళాలు తీసుకుని వెళ్ళిపోయింది. తరవాతి ఆదివారం రాలేదు. ఆ తరవాతిదీ రాలేదు.

పుష్పవల్లికి ఒక్కటి తెలుసుకోవాలనిపించింది. తల్లికి తెలుసా, తెలియదా. తెలియకపోతే తన తప్పు కొంచెమైనా చిన్నదవుతుందేమోనన్న ఆశ కూడా లోపల ఉంది. బస్సెక్కి సుంగై సిపుట్ వెళ్ళింది. తోటలో తల్లితో పాటు పనిచేసిన కాళియమ్మ అక్కడ కొడుకు మోటారు సైకిళ్ళ షాపు వెనక ఇంట్లో ఉంటోంది. చూపు తగ్గింది, మాట తగ్గలేదు.

బాతు ఆట పేరెత్తగానే కాళియమ్మ నవ్వింది. "ఎరగకేటి. మీయమ్మ అందరికీ సెప్పినాది గదా. నా కూతురు కంపూటర్లో మాటాడతాదని."

"చిలక గురించేనా అత్తా?"

"సిలకేటి, బాతు. ఆ బాతు నా కూతురే, నాలాగ దింపేసినాదని గుడి కాడ కూకొని ఒకటే సెప్పడం. కూతురు గొంతు తల్లి ఎరగదేటి?"

పుష్పవల్లి ఆమె దగ్గరికి జరిగింది. "కోపం రానేదా?"

"కోపమెందుకు? సంబరమే. మరింక నీ మనవరాలి గుంటతోటి తెలుగు మాటాడవేటని నానడిగినాను. నా కూతురు మైకులో మాటాడే మనిషి, అది తప్పంటే తప్పే, గుంటకి తప్పు మాట నేర్పకూడదు అన్నాది. నాను తిట్టినాను కూడా. ఇన్నేదు లా."

కాళియమ్మ లోపలికి కేకేసి కాఫీ తెమ్మంది. పుష్పవల్లి తాగినట్టు కూడా గుర్తులేదు. తల్లి బాధపడి ఉంటుందని ఇన్నేళ్ళూ కుమిలింది. దీనికన్నా అదే నయం. తల్లి బాధపడలేదు, నమ్మింది. కూతురి మాట నమ్మి, తన నోటిలో ఉన్నదంతా తప్పని ఒప్పుకుని, దాన్ని మనవరాలికి అంటకుండా పక్కన పెట్టేసింది. వచ్చేటప్పుడు ఉన్న ఆ చిన్న ఆశ కూడా పుష్పవల్లికి మిగల్లేదు.

తిరుగు బస్సు ఇపోలో ఆగాక ఆమె ఇంటికి పోలేదు. టాక్సీ పిలుచుకుని తర్షిణి ఇంటికి వెళ్ళింది. తలుపు తీసిన కూతురు లోపలికి రమ్మనలేదు, పొమ్మనలేదు. పుష్పవల్లి గుమ్మంలో నిలబడే, కాళియమ్మ చెప్పింది చెప్పినట్టు చెప్పింది. ఒక్క మాట దాచలేదు.

"నువ్వు యెక్కిరించినావని కాదే. నా గొంతని తెలిసే మానేసినాది. నీ మీద కోపం ఒక్కనాడూ నేదు. నువ్వు బాగా నేర్సుకోవాలనే. తప్పంతా నాదే. నీ మీద తోసినాను చూడు, అది బాతు కన్నా పెద్ద తప్పు."

తర్షిణి తలుపు చట్రానికి తల ఆనించి చాలాసేపు ఏడ్చింది. పుష్పవల్లి ముట్టుకోబోతే చెయ్యి పక్కకు జరిపింది. కాసేపటికి, "లోపలికి రా, ఎండలో నిలబడ్డావు," అంది.

కూటానికి పుష్పవల్లి వెళ్ళలేదు. కిషేన్‌కు సంగతంతా చెప్పింది. అతను ఇబ్బందిపడి, కావాలంటే ఆటను ఇంటర్నెట్టు నుంచి తీసేస్తానన్నాడు. వద్దంది. ఆడేవాళ్ళకు కనిపించేలా రెండు ముక్కలు రాయమంది. బాతు మాట్లాడేది తప్పు తెలుగు కాదని, తోటల్లో తెలుగువాళ్ళు మాట్లాడిన తెలుగని, అది ఎర్రమ్మ మాట అని. "నేను మా అమ్మను యెక్కిరించినానని కూడా రాయి బాబూ," అంది. కిషేన్ మిగతావన్నీ రాశాడు. ఆ ఒక్కటి రాయడానికి అతనికి చెయ్యి రాలేదు.

ఆ రాతలు చదివినవాళ్ళు ఎందరో, ఏమనుకున్నారో ఆమెకు తెలియదు. కొందరు తమ ఇళ్ళలో ముసలివాళ్ళు ఇలాగే మాట్లాడేవారని రాశారని కిషేన్ ఒకసారి ఫోన్‌లో చదివి వినిపించాడు. విని, మంచిది బాబూ అంది. మనసు తేలిక కాలేదు.

తర్షిణి మళ్ళీ ఆదివారాలు వస్తోంది. మునుపటంత మాట్లాడదు. వచ్చిన రోజుల్లో అప్పుడప్పుడు తల్లిని కారెక్కించుకుని సుంగై సిపుట్ వెళ్తుంది. వెళ్ళేది కాళియమ్మ కోసం. ఆ ముసలమ్మ పక్కన చాప మీద కూర్చుని, అమ్మమ్మ చెప్పిన కథల్లో సగం గుర్తున్న ముక్కలు ఆమెకు చెప్పి, మిగతా సగం అడుగుతుంది. సగం తమిళం, సగం తెలుగు. మాట దొరక్క ఆగితే కాళియమ్మ అందించదు, వచ్చే దాకా చూస్తూ కూర్చుంటుంది. పుష్పవల్లి వాళ్ళకు కొంచెం దూరంగా, గుమ్మం దగ్గర స్టూలు వేసుకుంటుంది. ఆ ఇంట్లో ఉన్నంతసేపూ, ఎవరైనా అడిగితే తప్ప ఆమె నోరు విప్పదు.